ఏసీ గార్డ్స్‌లో ఏసీ అంటే ఏమిటో నాకు ఏడాదికి గానీ తెలీలేదు

అడిగిన ప్రశ్న: హైదరాబాద్‌లో తరతరాలుగా ఉంటున్న ఆఫ్రికన్ మూలాల వాళ్లు ఉన్నారంటారు, నిజమేనా? వాళ్ల సంస్కృతి ఏమైనా మిగిలిందా?

ఉన్నారు. వాళ్ల పక్కింట్లో ఆరేళ్లు అద్దెకున్నాను కాబట్టి గట్టిగానే చెప్పగలను.

2004లో తణుకు నుంచి ఉద్యోగానికి వచ్చినప్పుడు మాసాబ్‌ట్యాంక్ దగ్గర ఏసీ గార్డ్స్‌లో రూము దొరికింది. ఏసీ అంటే అసిస్టెంట్ కమిషనర్ అయి ఉంటుంది, పోలీసు క్వార్టర్స్ లాంటివేవో ఉండేవి కాబోలు అనుకున్నాను. నా రూమ్మేట్ అయితే ఎయిర్ కండిషన్డ్ అనేవాడు. మా రూములో ఫ్యానే సరిగా తిరిగేది కాదు. అసలు సంగతి పక్కింటి చాచా చెప్పేదాకా, అంటే దాదాపు ఏడాది పాటు, తెలీలేదు. ఏసీ అంటే ఆఫ్రికన్ కావల్రీ. నిజాం సైన్యంలో ఆఫ్రికా రౌతుల దళం ఒకటి ఉండేది, వాళ్లకిచ్చిన చోటే ఆ పేట. పక్కనున్న ఫస్ట్ లాన్సర్ కూడా అలాంటి ఇంకో దళం పేరే. రోజూ ఆటోవాడితో ఆ పేరు మీదే బేరమాడతాం గానీ, అదేం పేరని ఒక్కడూ అడగడు.

ఆ రౌతుల్లో కొందరు మొదట వనపర్తి సంస్థానం రాజా రామేశ్వర రావు దగ్గరుండేవాళ్లట. 19వ శతాబ్దంలో అక్కణ్నుంచి నిజాం కొలువుకు చేరారు. వనపర్తి అంటే మనకు వేరుశనగ గుర్తొస్తుంది, ఆఫ్రికా గుర్తురాదు. ఇక్కడ వాళ్లను సిద్దీలంటారు, పాత మాటలో హబ్షీలు. ఇథియోపియా వైపు దేశానికి అరబ్బులు పెట్టిన పేరులోంచి వచ్చింది ఆ మాట.

దక్కన్‌కు హబ్షీలు రావడం వనపర్తితో మొదలవలేదు. మాలిక్ అంబర్ ఇథియోపియాలో పుట్టి, చిన్నతనంలోనే బానిసగా అమ్ముడుపోయి, చేతులు మారి మారి బాగ్దాద్ మీదుగా అహ్మద్‌నగర్ చేరాడు. చివరికి ఆ రాజ్యాన్నే నడిపాడు. ఔరంగాబాద్‌కు ఖిర్కీ అన్న పేరుతో పునాది వేసింది ఆయనే, 1610లో. 1626లో చనిపోయేదాకా మొఘలులకు నిద్ర లేకుండా చేశాడు. జహంగీర్‌కు ఎంత కసి అంటే, అంబర్ తెగిన తలను తాను బాణంతో కొడుతున్నట్టు బొమ్మ వేయించుకున్నాడు. యుద్ధంలో కుదరనిది బొమ్మలో కానిచ్చుకున్నాడన్నమాట. మా స్కూల్లో మాత్రం ఆయనకు దక్కింది ఒక్క లైను. అదీ పరీక్షకు రాదని సార్ వదిలేశారు.

సరే, చాచా సంగతికొస్తాను. వాళ్ల నాన్న ఆ గార్డ్స్‌లో రౌతు. 1948 సెప్టెంబర్‌లో పోలీసు చర్య జరిగి నిజాం రాజ్యం పోయాక, ఆ కొలువూ పోయింది. అప్పటికి చాచాకు పద్నాలుగేళ్లు. "గుర్రం పోయింది, యూనిఫారం మిగిలింది. అబ్బా అది వేసుకునే వాచ్‌మన్ పనికి పోయిండు" అనేవాడు. చాచా మోటారు మెకానిక్. ఇంట్లో ఉర్దూ, మాతో హైదరాబాదీ తెలుగు. ఆఫ్రికా భాష ఏదైనా వచ్చా అని ఒకసారి అడిగితే రెండు పాటలు పాడాడు. అందులో మాటలకు అర్థం ఆయనకే తెలీదు. వాళ్ల నానమ్మ పాడేదట.

2009 జూన్‌లో చాచా మనవడికి ఎంసెట్ కౌన్సెలింగ్. కుల ధ్రువపత్రం కావాలి. వాళ్లింట్లో తెలుగు రాయడం ఎవరికీ రాదు, అప్లికేషన్ నింపడానికి నేను వెళ్లాను. ఆఫీసు పేరెందుకు లెండి. కిటికీ దగ్గర గంటన్నర నిలబడ్డాక మా వంతు వచ్చింది. క్లర్కు కాగితం చూడలేదు, కుర్రాడి మొహం చూశాడు. రింగుల జుట్టు, నల్లటి రంగు.

"ఫారినర్స్‌కు వేరే ఆఫీసుంటది బాబూ. ఇది లోకల్ వాళ్లకు."

కుర్రాడు తల దించుకున్నాడు. వాడికిది కొత్త కాదని అప్పుడే అర్థమైంది నాకు. చాచా మాత్రం కిటికీలోకి వంగి, చక్కటి తెలుగులో, "నేను పుట్టింది ఈడనే, మా అబ్బా పుట్టింది ఈడనే. మీదే ఊరు సార్?" అన్నాడు. ఆయన నల్గొండ అన్నాడు. అని, నా వైపు తిరిగి, "మీరు చెప్పండి సార్, వీళ్లది ఏ దేశం?" అన్నాడు.

ఐదేళ్ల క్రితం గౌతమి ఎక్స్‌ప్రెస్ దిగినవాణ్ని నేను. నా రేషన్ కార్డు తణుకుది, ఓటు తణుకులో. నన్ను మాత్రం ఆయన ఒక్కసారి కూడా ఏ ఊరని అడగలేదు. వాళ్ల తరఫున సాక్షిని చేసేశాడు.

చివరికి చాచా జేబులోంచి నాలుగు మడతలు పెట్టిన కాగితం తీశాడు. ప్రభుత్వం 2007లో ఇచ్చిన బీసీ-ఈ జాబితా అది, అంటే ముస్లింలలో వెనుకబడిన వర్గాలది. "సిద్ది, యాబా, హబ్షీ, జాసి" అన్న లైను కింద ఎర్ర పెన్నుతో గీత గీసి ఉంది. మడత పడిన చోట్ల అక్షరాలు అరిగిపోయాయి. అంటే ఆ కాగితం అంతకుముందు ఎన్ని కిటికీలు చూసిందో! క్లర్కు అది రెండుసార్లు చదివి, "ఇట్ల ఒకటుందా?" అని, పై ఆఫీసర్ను అడగడానికి లోపలికెళ్లాడు. లంచ్ అయ్యాక గానీ బయటికి రాలేదు.

అదే కర్ణాటకలో, యెల్లాపూర్, హళియాళ వైపు అడవుల్లో ఉండే సిద్దీలను 2003లో ఎస్టీల్లో చేర్చారు. వాళ్లు కొంకణి మాట్లాడతారు, హిందువులూ క్రైస్తవులూ ముస్లింలూ ఉన్నారు. గుజరాత్‌లో గిర్ దగ్గరున్నవాళ్లది గుజరాతీ. ఒక్కో రాష్ట్రంలో ఒక్కో లెక్క. "ఆఫ్రికన్ సంస్కృతి మిగిలిందా" అని అడిగేవాళ్లు ఇది ఆలోచించాలి. మీ సంస్కృతి ఏదీ అని మనం వాళ్లను అడుగుతాం. మా ఇంట్లో మూడో తరానికే తణుకు యాస పోయింది, మమ్మల్ని ఎవరూ అడగరు.

అసలు మిగిలిందేమిటో నన్నడిగితే మర్ఫా అంటాను. హైదరాబాద్ పెళ్లి బరాత్‌లో మోగే ఆ డప్పుల వాయిద్యం. యెమెన్ నుంచి వచ్చి బార్కస్ పేటలో స్థిరపడ్డ అరబ్బులూ (చావూష్‌లంటారు), ఈ సిద్దీలూ కలిసి నిలబెట్టింది. మా సందు చివర కుర్రాళ్లు రాత్రి పదకొండుకు డప్పులు మంట దగ్గర కాచి, చర్మం బిగిశాక వేలితో తట్టి చూసుకునేవాళ్లు. నాకు పొద్దున్న ఆరుకు షిఫ్ట్, మొదట్లో తిట్టుకునేవాణ్ని. తర్వాత ఆ దరువు లేకపోతే నిద్ర పట్టేది కాదు. నా ఉద్దేశంలో ఈ ఊరి అసలు గుర్తు మర్ఫానే. బిర్యానీ ఇప్పుడు తణుకులోనూ దొరుకుతోంది. కానీ ఈ డీజే బాక్సులొచ్చి దాన్ని మింగేస్తున్నాయి. మొన్న ఒక బరాత్‌లో డీజేవాడు మర్ఫా రికార్డింగ్ పెట్టాడు, వాయించేవాళ్లు పక్కన నిలబడి సెల్‌ఫోన్లు చూసుకుంటున్నారు.

కుర్రాడికి సర్టిఫికెట్ పది రోజులకు వచ్చింది. ఇంటికి తెచ్చి చదివితే కులం దగ్గర "సిద్ధి" అని ఉంది, ద కింద ధ వత్తుతో. "అన్నా, దీనికి అర్థమేంటి?" అన్నాడు వాడు. అనుకున్నది నెరవేరడం అని చెప్పాను. చాచా పడీ పడీ నవ్వాడు. మర్నాడు ఆ వత్తు మార్పించడానికి మళ్లీ అదే కిటికీ దగ్గర నిలబడ్డాం.