జర్మనీ టీవీలో కెమెరా పని చేస్తే సినిమాలకు దారి మూసుకుపోతుందా?

టీవీలో అడుగుపెడితే 'సీరియల్ కెమెరామన్' అన్న ముద్ర పడిపోతుందేమోనని అడిగారు కదా. కొలోన్‌లో టీవీ యూనిట్లకు కెమెరా అసిస్టెంట్‌గా పనిచేస్తున్నాను. ఇక్కడ ఆ భయం అక్కర్లేదు.

జర్మన్ కెమెరామన్ మిఖాయెల్ బాల్‌హౌస్ కెరీర్ చూడండి. 1935లో బెర్లిన్‌లో రంగస్థల నటుల ఇంట పుట్టారు. 1960లలో ఆయన పనంతా దాదాపు టీవీలోనే, బాడెన్-బాడెన్‌లోని జ్యూడ్‌వెస్ట్‌ఫుంక్ అనే ప్రసార సంస్థలో. తర్వాత జర్మన్ దర్శకుడు ఫాస్‌బిండర్ దగ్గర చేరారు. అక్కడ డబ్బూ తక్కువే, రోజులూ తక్కువే. అయినా టీవీ కోసం 16 ఎంఎంలో తీసిన, 1974లో ప్రసారమైన 'మార్తా'లో ఒక షాట్ ఉంది: హీరో హీరోయిన్లు ఎదురుపడతారు, గుండ్రటి ట్రాక్ మీద కెమెరా వాళ్ల చుట్టూ తిరిగేస్తుంది, వాళ్లూ తిరుగుతారు. 1989లో హాలీవుడ్‌లో మిషెల్ ఫైఫర్ పియానో మీద పాడే సీన్‌లో కెమెరా చుట్టూ తిరుగుతుందే, అదీ ఆయనదే. టీవీలో పట్టుబడ్డ విద్యే అది!

హాలీవుడ్ దర్శకుడు స్కోర్సెసీ, 1985లో వచ్చిన 'ఆఫ్టర్ అవర్స్' తీసినప్పుడు బడ్జెట్ సుమారు 45 లక్షల డాలర్లు, కథంతా రాత్రిపూటే. త్వరగా లైటింగ్ చేసి త్వరగా షాట్ తీసేవాడు కావాలి. టీవీలో, ఫాస్‌బిండర్ దగ్గర అలవాటైన వేగమే బాల్‌హౌస్‌కి అక్కడ పనికొచ్చింది. అక్కడి నుంచి 'ది డిపార్టెడ్' దాకా ఇద్దరూ ఏడు సినిమాలు చేశారు.

మరి ఇప్పుడు? జర్మన్ సినిమాల్లో చాలావాటికి టీవీ సంస్థలే కొంత డబ్బు పెడతాయి. అందుకే ఆదివారం రాత్రి 8:15కి వచ్చే 'టాటోర్ట్' ఎపిసోడ్‌లో, అంటే తొంభై నిమిషాల పోలీసు కథలో, ఫోకస్ లాగిన (అంటే షాట్ నడుస్తుండగా లెన్స్ ఫోకస్ సరిచేసిన) మనిషే మళ్లీ సినిమా సెట్‌లో కనిపిస్తాడు. నాకైతే మామూలైపోయింది.

అసలు టెన్షన్ వేరే. ఉద్యోగం ఆ ప్రొడక్షన్ ఉన్నన్నాళ్లే, అది అయిపోతే మళ్లీ ఫోన్లు చేసుకోవాలి. చలికాలంలో షూటింగులు పలచబడతాయి. భాష కూడా సీరియస్‌గా తీసుకోండి. ఇంటర్వ్యూలో ఇంగ్లీష్‌తో నెట్టుకురావచ్చు గానీ, సెట్‌లో లైటింగ్ వాళ్లు అరిచేది జర్మన్‌లోనే. లుడ్విగ్స్‌బర్గ్, మ్యూనిక్ ఫిల్మ్ స్కూళ్లకు అప్లై చేసే ఆలోచన ఉంటే ముందు జర్మన్ మొదలుపెట్టండి, షోరీల్ (మీ పని చూపించే వీడియో) తర్వాత చూసుకోవచ్చు.