గోడ పక్క చవక రూము: బెల్‌ఫాస్ట్ వస్తున్న తమ్ముడికి

స్ప్రింగ్‌ఫీల్డ్ రోడ్డు వైపు రూము, శాంకిల్ రోడ్డులో సాయంత్రం కొట్టు పని, మధ్యలో నడక దూరమే, అద్దె కూడా తక్కువ, తీసుకోమంటావా అన్నా అని అడిగావు. మ్యాపులో అన్నీ దగ్గరే తమ్ముడూ.

నేనూ సరిగ్గా ఆ లెక్కే వేశాను. పగటిపూట వెళ్ళి చూస్తే ఆ రెండు రోడ్ల నడుమ గోడకున్న లానార్క్ వే గేటు బార్లా తెరిచి ఉంది, కార్లు పోతున్నాయి. అడ్వాన్సు కట్టేశా. షిఫ్టు దిగి రాత్రి వస్తే గేటుకి తాళం! 1969 అల్లర్లప్పుడు బ్రిటిష్ సైన్యం ముళ్ళకంచెతో మొదలుపెట్టిన అడ్డం అది. కాథలిక్కులుండే ఫాల్స్ పేటకీ ప్రొటెస్టెంట్లుండే శాంకిల్ పేటకీ నడుమ ఇప్పుడు ఇళ్ళ కప్పుల్ని మించిన గోడ. 2023 కల్లా గోడలన్నీ తీసేస్తామని ఇక్కడి ఉత్తర ఐర్లాండ్ ప్రభుత్వం 2013లో చెప్పింది, ఇంకా తీస్తూనే ఉంది. గేటు మూస్తే ఎక్కడికో చుట్టు తిరిగి రావాలి, పైన వాన. టాక్సీ ఎక్కా. ఆ నెలంతా అదే వరస. అద్దెలో మిగిలిందనుకున్నది టాక్సీలకే పోయింది, చాలక ఇంకొంత చేతినుంచి పడింది. ఇంటికి ఫోన్ చేసి మాత్రం బాగానే మిగులుతోందని చెప్పా.

చవక పిచ్చి అక్కడితో వదల్లేదు. చారిటీ షాపులో పచ్చ, తెల్ల చారల సెల్టిక్ (కాథలిక్కులు అభిమానించే ఫుట్‌బాల్ జట్టు) జెర్సీ కారుచౌకగా దొరికితే వేసుకుని పనికెళ్ళా. ఓనరమ్మ కంగారుగా వెనక గదిలోకి లాగి వాళ్ళాయన పాత స్వెటర్ తొడిగించింది. శాంకిల్‌లో ప్రొటెస్టెంట్ల జట్టు రేంజర్స్ నీలం తప్ప ఆ పచ్చ కనిపించకూడదట. ఇవన్నీ నీకు ఫ్రీగా తెలుస్తున్నాయి, అదృష్టవంతుడివి.

బాంబే స్ట్రీట్ అన్న పేరు చూసి మురిసిపోకు. అక్కడ గోడను ఆనుకున్న పెరళ్ళ మీద ఇనప వల పంజరాలుంటాయి, అటునుంచి వచ్చే రాళ్ళు పడకుండా. అలాంటి ఇంటికి అద్దె ఎందుకు తక్కువో వేరే అడగక్కర్లేదు.

అమ్మ భయపడుతోందని రాశావు. 2024 ఆగస్టులో వలసవచ్చినవాళ్ళ కొట్లు తగలబెట్టిన మాట నిజమే, అలాంటి రోజుల్లో తలుపేసుకుని ఇంట్లో ఉండాలి. కానీ నెలనెలా నీ జేబు కోసేది టాక్సీ. జూలై 12న ప్రొటెస్టెంట్లు చేసే ఊరేగింపులకి చాలా కొట్లు మూసేస్తారు, షిఫ్టులు పోతాయి. జూన్‌లోనే కాస్త పక్కన పెట్టుకో.

వీసా మీద ఎన్ని గంటలు పనిచేయొచ్చో ఆ రూలు యూనివర్సిటీ వాళ్ళే చెబుతారు. రెండు నెలల డిపాజిట్ అడిగాడన్నావే, 2023 ఏప్రిల్ నుంచి ఇక్కడ నెల అద్దె మించి తీసుకోకూడదు. ముందు ఆ మాట రూము ఓనర్‌కి మెయిల్ పెట్టు.