మొదటి ప్రపంచ యుద్ధంలో మూకీ సినిమాలు సైనికులకు ధైర్యం నూరిపోశాయా?

మూకీల కాలపు దేశభక్తి సినిమాలు సైనికుల స్థైర్యాన్ని నిజంగా పెంచాయా అని అడిగారు. సైన్యంలో పనిచేసి రిటైరైనవాణ్ణి కాబట్టి నా అభిప్రాయం సూటిగా చెబుతాను. దేశభక్తి సినిమాలు ఇంటి దగ్గర ఉన్నవాళ్ల కోసం. ముందు వరుసలో ఉన్నవాడికి కావలసింది నవ్వు.

ఫ్రాన్స్‌లో సోమ్ నది దగ్గర జరిగిన పోరు మీద తీసిన డాక్యుమెంటరీ ‘బ్యాటిల్ ఆఫ్ ది సోమ్’ బ్రిటన్‌లో 1916 ఆగస్టులో విడుదలయ్యేసరికి ఆ పోరు ఇంకా సాగుతూనే ఉంది. తమవాడు తెర మీద కనబడతాడేమోనని జనం ఎగబడ్డారు. ఆరు వారాల్లో దాదాపు 2 కోట్ల టికెట్లు తెగాయంటారు. సైనికులు కందకంలోంచి పైకి ఎగబాకే ఆ ప్రసిద్ధ దృశ్యం మాత్రం శిక్షణ స్థలంలో తీసిందే! అమెరికాలో 1918లో సినీతారలు చాప్లిన్, మేరీ పిక్‌ఫర్డ్, ఫెయిర్‌బ్యాంక్స్ యుద్ధ బాండ్ల (యుద్ధ ఖర్చుకు ప్రభుత్వం జనం దగ్గర అప్పుగా డబ్బు తీసుకుని ఇచ్చే పత్రాల) ప్రచారానికి ఊళ్లు తిరిగారు. ఆ బాండ్ల కోసమే చాప్లిన్ సొంత ఖర్చుతో ఒక చిన్న సినిమా కూడా తీశాడు. ఇదంతా జనం జేబులు తెరిపించే పని.

సైనికుడి సినిమా అంటే నా దృష్టిలో చాప్లిన్ ‘షోల్డర్ ఆర్మ్స్’. యుద్ధం ముగియడానికి మూడు వారాల ముందు, 1918 అక్టోబరులో వచ్చింది. అందులో సైనికుడి వేషంలో చాప్లిన్ నీళ్లు నిండిన కందకంలోనే నిద్రపోతాడు, గ్రామఫోన్ గొట్టంతో ఊపిరి పీలుస్తాడు. పార్సెల్‌లో వచ్చిన చీజ్ కంపు భరించలేక గ్యాస్ మాస్క్ తగిలించుకుని దాన్ని శత్రువుల మీదికి విసిరేస్తాడు. అన్నిటికన్నా గొప్పది ఉత్తరం ఘట్టం. తనకు ఉత్తరం రాదు. పక్కవాడు చదువుకుంటుంటే భుజం మీదుగా తొంగిచూసి, వాడు నవ్వితే తానూ నవ్వుతాడు, వాడు దిగులుపడితే తానూ దిగులుపడతాడు. ఆ సంగతి గమనించి పక్కవాడు చిరాకుగా జరిగిపోతాడు.

మా యూనిట్‌లో 16 ఎం.ఎం. ప్రొజెక్టర్ మీద ఈ సినిమా వేసినప్పుడు, మంచుకు దారి మూసుకుపోయి కొన్నాళ్లుగా టపా లేదు. ఆ ఘట్టం రాగానే పంజాబీ, గఢ్వాలీ, తెలుగు తేడా లేకుండా అందరూ గొల్లున నవ్వారు. మాటలు లేవు కనుక ఎవరికీ అర్థం విడమరచి చెప్పాల్సిన పని పడలేదు. అంతకుముందు వేసిన దేశభక్తి చిత్రానికి సగంమంది మధ్యలోనే లేచి లంగరుకు (సైనికుల వంటశాలకు) వెళ్లిపోయారు. అందులో హీరో రైఫిల్ పట్టుకున్న తీరు చూసి మా హవల్దారు ‘ముందు వీడికి డ్రిల్లు నేర్పండి’ అని విసుక్కున్నాడు.

మీరు ‘షోల్డర్ ఆర్మ్స్’ చూడాలనుకుంటే, 1959లో చాప్లిన్ తానే సంగీతం కూర్చి మళ్లీ విడుదల చేసిన ప్రతిని వెతకండి. గంటలోపే అయిపోతుంది.