ఆ పిల్లలకు మన బొమ్మలు చూపించేటప్పుడు

శ్రీకాళహస్తి

చిరంజీవి అమ్మాయికి పెదనాన్న ఆశీస్సులు.

నీ ఉత్తరం చేరింది. విదేశాల నుంచి వస్తున్న చిత్రకళ విద్యార్థులను తిరుపతి చుట్టుపక్కల తిప్పి చూపించే పని నీకు అప్పజెప్పారని తెలిసి సంతోషించాను. ‘ఏ విగ్రహం దగ్గర ఏం చెప్పాలో రాసి పంపించు పెదనాన్నా’ అన్నావు. అది మాత్రం పంపను. కంఠస్థం చేసి అప్పజెప్పేవాళ్లు కొండ కింద కావలసినంతమంది ఉన్నారు, ఆ వరసలో నువ్వెందుకు? ఇన్నేళ్లు డ్రాయింగు మాస్టరుగా పనిచేసి, వచ్చినవాళ్లకు ఊరు చూపించి, నాకు తోచినవి చెబుతాను. ఏరుకోవడం నీ ఇష్టం.

మొదటిది, జత కట్టి చెప్పకు. సులువుగా అర్థమవుతుందని మన శిల్పిని వాళ్ల మైకెలాంజెలోతోనూ, మన కలంకారీని వాళ్ల చర్చి బొమ్మలతోనూ పోల్చి పరిచయం చేస్తారు చాలామంది. ఆ మాట చెవిన పడగానే పిల్లలు చూడటం మానేస్తారు. తెలిసినదేదో దొరికిందన్న తృప్తితో ముందుకు నడుస్తారు. దాని బదులు, ఇది ఏ పని కోసం పుట్టింది, ఎవరు, ఎక్కడ నిలబడి, ఏ వెలుతురులో చూస్తారని చేశారు అని అడిగించు. బాగుందా లేదా అన్న మాట ఆ తర్వాత.

మ్యూజియంతో మొదలుపెట్టకు. ముందు మా ఊరికి తీసుకురా, కలంకారీ పని చేసే ఇంటికి. గుడ్డను కరక్కాయ రసం కలిపిన గేదెపాలలో తడిపి ఆరబెట్టడం చూపించు. పాలలో వెన్న ఉంటుంది కాబట్టే రంగు పక్కకు పాకదు. చింతపుల్లల బొగ్గుతో ముందు గీత వేస్తారు. కలమంటే వెదురుపుల్లే. మొన పైన చుట్టిన గుడ్డ తడిని పట్టుకుని ఉంటుంది, వేలితో నొక్కితే రంగు దిగుతుంది. నలుపు, బెల్లం నీళ్లలో తుప్పు పట్టిన ఇనుమును రోజుల తరబడి ఊరబెట్టి తీసినది. పుల్ల మొనన అది పలుచగానే కనిపిస్తుంది, కరక్కాయ పట్టిన గుడ్డకు తగలగానే నల్లబడుతుంది. అసలు విచిత్రం ఎరుపు దగ్గర ఉంది. ఎరుపు రావలసిన చోట పటిక నీళ్లు పూస్తారు. అప్పటికి అక్కడ ఎరుపు ఉండదు. మంజిష్ఠ లాంటి వేళ్లు, చెక్కలు వేసిన కాగులో గుడ్డను ఉడికించినప్పుడు, పటిక పూసిన చోటే రంగు పట్టుకుంటుంది. అంటే చిత్రకారుడు కంటికి కనబడని ఎరుపుతో బొమ్మ వేస్తున్నాడన్నమాట. కుంచెతో అద్దిన రంగు అప్పటికప్పుడు కనిపించే పద్ధతిలో పెరిగిన పిల్లలు దీని దగ్గర కాసేపు ఆగిపోతారు. ఆగనివ్వు, తొందరపెట్టకు.

గుడ్డ పరిచి చూపించగానే ఒక ప్రశ్న వస్తుంది, రాసిపెట్టుకో: నీడలేవి? దూరంగా ఉన్నవాడు చిన్నగా ఎందుకు లేడు? ఒకే గుడ్డ మీద రాముడు ఇన్నిసార్లు ఎందుకున్నాడు? ‘మనవాళ్లకు ఆ విద్య తెలియదు’ అనకు. ‘మనవాళ్లు ఆత్మను గీస్తారు, వాళ్లు శరీరాన్ని గీస్తారు’ అని అంతకన్నా అనకు. ఆ రెండో మాట వినసొంపుగా ఉంటుంది కానీ అందులో పస లేదు. దూరమయ్యేకొద్దీ చిన్నదయ్యే ఆ పద్ధతిని 15వ శతాబ్దపు ఫ్లోరెన్సులో కట్టుదిట్టం చేశారు. ఆల్బెర్టీ అనే పండితుడు 1435లో దాన్ని పుస్తకంగా రాశాడు. ఆ పద్ధతికి చూసేవాడు ఒక్కడే, ఒక్కచోటే, కదలకుండా నిలబడాలి. మన గుడ్డకు అలాంటి మనిషి అక్కరలేదు. ఇది గుడిలో వేలాడదీసి కథ చెప్పుకోవడానికి పుట్టింది. జనం గుంపుగా వస్తారు, కన్ను ఒక గడి నుంచి పక్క గడికి నడుస్తుంది, బొమ్మ కింద తెలుగులో రాసిన కథ తోడొస్తుంది. కథ నడుస్తున్నప్పుడు రాముడు ఒక్కచోటే ఎలా ఉంటాడు?

ఇంకా సందేహిస్తే వాళ్ల ఫ్లోరెన్సునే గుర్తుచెయ్యి. అక్కడ బ్రాంకాచీ ప్రార్థనామందిరం గోడ మీద 1420లలో మసాచో వేసిన పన్ను చెల్లింపు చిత్రంలో క్రీస్తు శిష్యుడు పీటరు ఒకే దృశ్యంలో మూడుచోట్ల ఉంటాడు. కొండలు, చెట్లు దూరమయ్యేకొద్దీ చిన్నవవుతూనే ఉంటాయి, పీటరు మాత్రం ముగ్గురు. పోలిక వద్దని చెప్పి నువ్వే తెచ్చావేమిటి అంటావేమో. పరిచయానికి పోలిక వద్దన్నాను. ఇది వాళ్ల ఇంట్లోనే రెండు రకాల చూపులు పక్కపక్కన కాపురం చేశాయని చూపించడానికి.

తర్వాత గుడిమల్లం. ఏర్పేడు దగ్గరే కాబట్టి అదే రోజు కుదురుతుంది. ఫొటోల సంగతి ముందే కనుక్కో, గర్భగుడిలో గొడవ పెట్టుకోవద్దు. ఆ పరశురామేశ్వర లింగం సుమారు 5 అడుగుల ఎత్తు. ముందు భాగాన శివుడు ఒక మరుగుజ్జు యక్షుడి భుజాల మీద నిలబడి ఉంటాడు, ఒక చేతిలో పొట్టేలు, ఒక చేతిలో చిన్న పాత్ర, భుజాన గొడ్డలి. క్రీస్తుపూర్వం 2 లేదా 1వ శతాబ్దానిదని ఎక్కువమంది పండితుల మాట, కాలం మీద వాదనలు ఇంకా ఉన్నాయి. లింగం ఆకారం చూడగానే ఆ పిల్లలు ఏం అడుగుతారో నీకు తెలుసు. సిగ్గుపడి మాట తప్పించకు. కోపం అసలే తెచ్చుకోకు. చెక్కినవాడు దాచలేదు, పండితులు దాచలేదు, మనమెందుకు దాచాలి? ఉన్నదున్నట్టు చెప్పి, వాళ్ల చూపును యక్షుడి ముఖం మీదికి తిప్పు. అంత బరువు మోస్తున్నా వాడికి విసుగు లేదు. నడుముకు కట్టిన పలుచని బట్ట మడతలు చూడమను.

అయితే ఆ లింగం పుస్తకాల్లో ఒకలా, గుడిలో ఒకలా ఉంటుంది. పుస్తకంలోని ఫొటోకు నాలుగువైపుల నుంచీ దీపాలు పెట్టి, పూలు తీసేసి, ఒక్క గీత కూడా నీడలో పోకుండా చూపిస్తారు. గుడిలో అది పూజలో ఉన్న దేవుడు. అర్చకుడు హారతి పైకెత్తినంతసేపే ముఖం తేటగా కనిపిస్తుంది. ఈ రెండింటిలో ఏది అసలైన చూపు అని ఎవరైనా అడిగితే తీర్పు చెప్పకు. హారతి అయ్యేదాకా ఉండమను, తర్వాత ఫొటో చూపించు. ఏది పోయిందో, ఏది వచ్చిందో వాళ్లే చెబుతారు.

ఈ సంగతికి ఇంతకన్నా గట్టి సాక్ష్యం నటరాజు. మద్రాసు మ్యూజియంలోని తిరువాలంగాడు నటరాజు విన్నావు కదా. ఆ ఊరున్న తిరుత్తణి తాలూకా 1960లో మద్రాసు రాష్ట్రానికి వెళ్లేదాకా మన పాత చిత్తూరు జిల్లాలోదే, కాబట్టి కాస్త చొరవ తీసుకుని మనవాడే అంటున్నాను. ఫ్రెంచి శిల్పి రోదాఁ మన దేశానికి ఎన్నడూ రాలేదు. ఆ మ్యూజియం నటరాజుల ఫొటోలు చూసి 1913 ప్రాంతంలో పరవశించి రాశాడు. శైవసిద్ధాంతం, ఆ నాట్యంలో చెప్పే శివుడి ఐదు పనులు, అంటే పంచకృత్యాలు, ఆయనకు పట్టలేదు. నడుము ఎలా తిరిగింది, కాలు ఎలా లేచింది, వెలుతురు ఒంటి మీద ఎలా జారింది, ఇదే ఆయన చూసింది. చూడవలసింది చూడలేదని తోసిపుచ్చడం తేలిక. కానీ ఆలోచించు. గుడిలో నటరాజుకు పట్టుబట్ట కడతారు, దండలు వేస్తారు. భక్తుడికి కనిపించేవి ముఖం, ఎత్తిన పాదం, చుట్టూ జ్వాలామాల. కంచు పోయకముందు శిల్పి మైనంలో ప్రాణం పెట్టి మలిచిన నడుమును వందల ఏళ్లు అలంకారం కప్పేసింది. అది దూరదేశపు శిల్పి కంట్లో పడింది. తోటి పనివాడికి పనివాడి కష్టం తెలుస్తుంది. తిరుమలలోనూ అంతే కదా, శుక్రవారం అభిషేకం వేళ తప్ప స్వామిని చూడటమంటే అలంకారాన్ని చూడటమే. ‘ఇంత పువ్వు కప్పితే శిల్పం ఎలా చూడాలి’ అని ఒక విద్యార్థి అంటే తప్పుపట్టకు. పువ్వు కట్టడం కూడా అక్కడ ఒక కళేనని, దండ కట్టేవాళ్ల దగ్గర కాసేపు కూర్చోబెట్టు.

విదేశీయుల కన్ను అంతా ఒకటే అనుకోవద్దు. రోదాఁ అలా రాసే నాటికి కాస్త ముందే, 1910లో లండన్‌లో బర్డ్‌వుడ్ అనే పెద్దమనిషి జావా బుద్ధ విగ్రహం ఫొటో చూసి, కొవ్వు వేసి ఉడకబెట్టిన పుడ్డింగు కూడా ఆ ప్రశాంతతకు గుర్తుగా సరిపోతుందన్నాడు. ఆయన మన చేతిపనుల మీద పెద్ద పుస్తకమే రాసినవాడు, ఏమీ తెలియని మనిషి కాదు. గుడ్డల్లో, నగల్లో మన గొప్పతనం ఒప్పుకుని, విగ్రహం దగ్గరికి వచ్చేసరికి గ్రీకు కొలబద్ద తీశాడు. ఆ మాటకు అక్కడే కొందరు చిత్రకారులు, రచయితలు మండిపడి పత్రికకెక్కారు. ఒకే కాలం, ఒకే ఖండం, రెండు కళ్లు.

మన కన్ను మాత్రం అచ్చంగా మనదేనా? మీ ఇంటి పూజగదిలో లక్ష్మీదేవి పటం ఉంది. ఆ గుండ్రని భుజాలు, చీర మడతల్లో నీడలు రవివర్మ తైలవర్ణ చిత్రాల నుంచి, 1894లో ఆయన పెట్టిన ముద్రణాలయం నుంచి ఇంటింటికీ వచ్చినవే. ఆయన వాటిని పడమటి పద్ధతిలో నేర్చుకున్నాడు. అందుకే నీ వయసు వాళ్లకు కలంకారీ లక్ష్మి కాస్త వింతగా, పటంలోని లక్ష్మి సహజంగా కనిపిస్తుంది. ఇది మన సంప్రదాయం, మీకు అర్థం కాదు అని వాళ్లతో అనబోయే ముందు ఈ సంగతి తలుచుకో.

కాలేజీ పిల్లలు కాబట్టి సిద్ధాంతాలూ వస్తాయి. జర్మన్ తత్వవేత్త కాంట్ 1790లో రాసిన పుస్తకాన్ని ఎవరైనా ఎత్తవచ్చు. ఆ వస్తువు నాకు కావాలన్న కోరిక, ఉపయోగం ఏదీ లేకుండా చూసి ఆనందించడమే సౌందర్య నిర్ణయం అన్నాడాయన. మ్యూజియంలో తాకవద్దు అన్న బోర్డు వెనుక ఆ ఆలోచన నీడ ఉంది. దానికి పోటీగా వెంటనే రససిద్ధాంతం తీసి, మావాళ్లు ఎప్పుడో చెప్పారు అనకు. రసాన్ని నాట్యశాస్త్రం రాసిన భరతుడు నాటకానికి చెప్పాడు, దాన్ని పట్టుకెళ్లి ప్రతి రాతికీ పూయకూడదు. పైగా వెయ్యేళ్ల కిందట కాశ్మీరంలో అభినవగుప్తుడనే పండితుడు రసం గురించి చెప్పిందీ కాంట్ మాటకు మరీ దూరం కాదు. రంగస్థలం మీద దుఃఖం చూస్తున్నప్పుడు అది నాదని, పక్కవాడిదని లేకుండా పోతుంది, అందుకే దాన్ని ఆస్వాదించగలుగుతాం అంటాడు. ఇద్దరి దారులూ వేరు. ఒకచోట మాత్రం దగ్గరికి వస్తాయి. తేడా ఎక్కడ మొదలవుతుందో చూపించడం ఎంత ముఖ్యమో, ఎక్కడ ఆగిపోతుందో చూపించడమూ అంతే ముఖ్యం.

వాళ్ల కొత్త కళ గురించి నువ్వూ కాస్త ఓపిక పట్టాలి. ఫ్రెంచి కళాకారుడు దుషాఁ మూత్రశాల పింగాణీ గిన్నెను ప్రదర్శనకు పంపాడని విని నువ్వు పకపకా నవ్వావు, నాకు గుర్తుంది. మొదట్లో వాళ్ల చేత అడిగించమన్న ప్రశ్నే ఇక్కడ నువ్వు అడుగు. ఇది ఏ పని కోసం పుట్టింది? 1917 న్యూయార్కులో ఒక సంఘం, రుసుము కట్టిన ఎవరి పనినైనా ప్రదర్శిస్తామని ప్రకటించింది. ఆయన మారుపేరుతో రుసుము కట్టి దాన్ని పంపాడు. వాళ్లు ప్రదర్శించలేదు. ఆ గిన్నె అందానికి కాదు, ఆ సంఘం మాట నిలబెట్టుకుంటుందా అని అడగడానికి వెళ్లింది. అసలుది తర్వాత పోయింది. ఇప్పుడు మ్యూజియాల్లో ఉన్నవి ఆయన అనుమతితో తర్వాత చేయించినవి. తిరుపతి గంగమ్మ జాతర చివర్లో మట్టితో చేసిన అమ్మవారి విశ్వరూపాన్ని తెల్లవారుజామున తెగ్గొట్టి, జనం ఆ మట్టి కోసం ఎగబడతారని నువ్వు చెప్పినప్పుడు, ఇంత మంచి పనిని ఎందుకు పాడుచేస్తారని ఎవరైనా బాధపడితే ఈ గిన్నె కథ పనికొస్తుంది. వస్తువు పోయినా పని జరిగిపోవడం వాళ్లకూ తెలిసిన సంగతే.

ఇవన్నీ ఎందుకు చెబుతున్నానంటే, ఎవరి కళ వాళ్లకే అర్థమవుతుంది, పైవాళ్లకు తెలియదు అనే మాట ఈమధ్య ఎక్కువ వింటున్నాను. వినడానికి మర్యాదగా ఉంటుంది, పని మాత్రం తలుపు మూయడమే. పని తెలిసిన చేతికి తన కొలత తనకు ఉంటుంది, అడిగితే చెబుతుంది. కలంకారీ ఇంట్లో రెండు గుడ్డలు పక్కపక్కన పరిపించి, ఏది మంచి పని, ఎందుకు అని ఆ పిల్లల చేత అడిగించు. కళ, సంస్కృతి అన్న పెద్ద మాటలు రావు. ఈ గీత మధ్యలో కలం ఎత్తి మళ్లీ పెట్టాడు చూడు, ఇక్కడ ఎరుపు మచ్చలు పడింది, పటిక సమంగా పూయలేదు, ఈ కన్ను రెండో కంటి కన్నా కిందికి జారింది అని వేలు పెట్టి చూపిస్తారు. అరగంట అక్కడ కూర్చున్న ఏ దేశపు పిల్లవాడైనా మూడో గుడ్డను తనంతట తాను పట్టి చూడగలడు. నువ్వు మధ్యలో అనువాదం చేయడం తప్ప ఇంకేమీ మాట్లాడకు.

కొనే దగ్గర మాత్రం మాట్లాడాలి. అచ్చు వేసిన గుడ్డలను కలంకారీ పేరుతో అమ్మే దుకాణాలు తిరుపతిలో చాలా ఉన్నాయి. అచ్చు పని తప్పు కాదు, మచిలీపట్నంలో చెక్క దిమ్మెలతో అద్దే గొప్ప సంప్రదాయమే ఉంది. చేతితో గీసిందని చెప్పి అచ్చుది అమ్మడం తప్పు. ఒకే పువ్వు నాలుగుచోట్ల వెంట్రుకవాసి తేడా లేకుండా ఉంటే అనుమానించమను. మట్టిరంగులుంటేనే పాతది, అసలైనది అని పట్టుబట్టేవాళ్లకు కూడా ఒక మాట చెప్పు. మన తీరం గుడ్డల మీద తెల్లని నేల, పూలచెట్టు యూరపు కొనుగోలుదారుల కోరిక మీద పెరిగినవే. అవి అక్కడ ఎంతగా అమ్ముడుపోయాయంటే 1686లో ఫ్రాన్సు వాటిని నిషేధించింది. కొనేవాడి కన్ను బొమ్మలోకి అప్పటి నుంచీ దూరుతూనే ఉంది.

పనివాళ్లు పని ఆపి మీకు చూపించే గంటలకు డబ్బు ఇప్పించడం మరిచిపోకు, కొన్నారా లేదా అన్నదాంతో సంబంధం లేదు. అది ముందే మాట్లాడుకో. ఏ రోజు కాగు పెడతారో నేను కనుక్కుని ఫోను చేస్తాను, దాన్ని బట్టి మా ఊరు రావడం పెట్టుకో. భోజనం మీ పెద్దమ్మ చూసుకుంటానంది. కారం తగ్గించాలా అని అడుగుతోంది. ఎంతమందో, ఎవరేం తినరో రాయి.

ఆశీస్సులతో,
పెదనాన్న