కోట బురుజుల్లో ఆడవాళ్లను బంధించడం కథల్లోనేనా, నిజంగా జరిగిందా?

నిజంగానే జరిగింది. కథల్లో అయితే, గ్రీకు పురాణంలో మనవడి చేతిలో చావు రాసిపెట్టి ఉందని భయపడి, రాజు అక్రిసియస్ కూతురు డానేని బంధిస్తాడు. చరిత్రలో కారణాలు వేరు: రాజకీయం, మతం. ఇంగ్లండ్ రాజు రెండో హెన్రీ, కొడుకుల తిరుగుబాటుకు సాయం చేసిందని భార్య ఎలియనోర్‌ను 1173 నుంచి 1189లో తను చనిపోయేదాకా కోటల్లో నిర్బంధించాడు. ఆమె రాణి కాబట్టి చరిత్రకు బాగా గుర్తుంది.

నన్ను ఎక్కువగా కదిలించేది మేరీ డ్యూరాండ్. దక్షిణ ఫ్రాన్స్‌లోని ఎగ్‌మోర్త్ ఊళ్లో కాన్‌స్టన్స్ బురుజు ఉంది. అన్న, అప్పట్లో ఫ్రాన్స్‌లో నిషేధించిన ప్రొటెస్టంట్ క్రైస్తవ శాఖకు బోధకుడు కావడంతో 1730లో, సుమారు 19 ఏళ్ల వయసులో ఆమెను అందులో వేశారు. రెండేళ్లకు అన్నను ఉరితీశారు. మతం వదులుకుంటానంటే విడిచిపెట్టేవాళ్లే, ఆమె ఒప్పుకోలేదు. అలా 38 ఏళ్లు! తోటి ఖైదీల కోసం సాయం అడుగుతూ ఆమె రాసిన ఉత్తరాలు కొన్ని ఇప్పటికీ ఉన్నాయి. బురుజులో రాతిమీద ‘ఎదిరించు’ అనే అర్థమిచ్చే ఫ్రెంచి మాటను ఆమే చెక్కిందంటారు. 1768లో విడుదలై సొంతూరు చేరింది, 1776లో చనిపోయింది. ఆ బురుజును ఇప్పుడు కూడా లోపలికి వెళ్లి చూడొచ్చు.