ఫైర్‌రెడ్‌లో తెలుగు పెట్టాలనుకుంటున్న మేనకోడలికి

చిన్నీ,

నీ మెసేజ్ చదివాను. గేమ్‌బాయ్ అడ్వాన్స్ ఆట పోకెమాన్ ఫైర్‌రెడ్ మొత్తాన్ని తెలుగులోకి మార్చి, ఈ వేసవి సెలవుల్లోనే పూర్తిచేసి అందరికీ ఇచ్చేస్తానని రాశావు. తెలుగులోకి మార్చడానికి నేను సై. సెలవుల లెక్క మాత్రం మర్చిపో. ఆట మొత్తం అనే ఆలోచన కూడా ప్రస్తుతానికి పక్కన పెట్టు. ముందు ఆట మొదలయ్యే ఊరు ప్యాలెట్ టౌన్ ఒక్కటి చెయ్యి. ఇంట్లో అమ్మ మాటలు, పక్కింటి అక్క మాటలు, ప్రొఫెసర్ ఓక్ ల్యాబ్‌లో మొదటి పోకెమాన్‌ని తీసుకోవడం, అక్కడే ప్రత్యర్థితో జరిగే తొలి పోరు. అంతవరకు తెలుగులో ఆడగలిగితే ముఖ్యమైన చిక్కులన్నీ విడిపోయినట్టే. మిగతాది ఓపిక పని.

ముందు నీ దగ్గరున్న కాట్రిడ్జ్ సంగతి. ఆన్‌లైన్‌లో చవగ్గా దొరికిందన్నావు, నాకు అక్కడే అనుమానం వచ్చింది. అసలు ఫైర్‌రెడ్ సేవ్‌ని ఫ్లాష్ మెమరీలో దాస్తుంది, దానికి బ్యాటరీ ఉండదు. స్క్రూ విప్పి చూసినప్పుడు గుండ్రటి బ్యాటరీ కనిపిస్తే అది నకిలీ. విప్పడం ఇష్టం లేకపోతే లేబుల్‌ని వెలుతురులో ఏటవాలుగా పెట్టి చూడు, అసలుదానిమీద రెండంకెల సంఖ్య సన్నగా నొక్కి ఉంటుంది. నకిలీ అయితే అందులోంచి తీసిన ఫైల్‌ని నమ్మడానికి లేదు, లోపల ముందే ఎవరో ఏదో మార్చి ఉండొచ్చు. అసలుదైతే జీబీఎక్స్‌కార్ట్ లాంటి కాట్రిడ్జ్ రీడర్‌తో ఆట ఫైల్‌ని కంప్యూటర్లోకి తీసుకో. ఇంగ్లిష్ ఫైర్‌రెడ్‌లో 1.0, 1.1 అని రెండు వెర్షన్లున్నాయి. నీది ఏదో తెలుసుకుని రాసి పెట్టుకో. ఆ ఫైల్‌ని రీడ్ ఓన్లీ చేసి, ఇంకో కాపీ పెన్‌డ్రైవ్‌లో దాచి, ఇక దాన్ని ముట్టుకోకు. పని అంతా మూడో కాపీ మీద.

నువ్వు చూసిన వీడియోలన్నీ హెక్స్ ఎడిటర్‌తో (ఫైల్లోని బైట్లని 0 నుంచి 9, ఏ నుంచి ఎఫ్ గుర్తులతో చూపించి మార్చనిచ్చే ప్రోగ్రామ్) మొదలవుతాయి. మొత్తం అనువాదం దాంతో చెయ్యొద్దు గానీ, ఒకటి రెండు సాయంత్రాలు దాంతో ఆడుకో. ఫైర్‌రెడ్‌లో బొమ్మలు చాలావరకు కుదించి ఉంటాయి కానీ మాటలు అలాగే పరిచి ఉంటాయి. కంప్యూటర్లో మామూలుగా వాడే కోడ్ దీనికి పనికిరాదు, ఆటకి సొంత పట్టిక ఉంది. ఇంగ్లిష్ పెద్ద ఏ (A) అంటే బిబి (BB), అక్కణ్ణుంచి వరుసగా లెక్కపెట్టుకుంటూ పో. 'మామ్' (MOM) అనే మూడక్షరాలు సి7 సి9 సి7 అవుతాయి. వెతికితే దొరుకుతాయి. వాటి స్థానంలో ఇంకో మూడక్షరాలు కొట్టి, కంప్యూటర్లో ఈ ఆటలు నడిపే ఎంజీబీఏ అనే ఎమ్యులేటర్‌లో ఆట నడిపి చూడు. అమ్మ పేరు నువ్వు పెట్టినట్టు మారుతుంది. ఆ సంతోషం నీకు దక్కాలి, అందుకే చెప్తున్నాను.

తర్వాత పొడుగు మాట పెట్టాలని చూస్తావు, పక్క వాక్యాన్ని తొక్కేస్తుంది. అప్పుడు పాయింటర్ల సంగతి, అంటే వాక్యం ఎక్కడుందో ఆటకి చెప్పే అడ్రసుల సంగతి తెలుసుకోవాలి. గేమ్‌బాయ్ అడ్వాన్స్‌లో కాట్రిడ్జ్ మెమరీ 08000000 దగ్గర మొదలవుతుంది, అడ్రసు బైట్లు వెనక నుంచి ముందుకు రాసి ఉంటాయి. అంటే ఫైల్లో 123456 దగ్గరున్న వాక్యానికి పాయింటర్ 56 34 12 08 అని కనిపిస్తుంది. కొత్త వాక్యాన్ని ఖాళీ చోట రాసి, ఆ నాలుగు బైట్లను మార్చాలి. రెండు వాక్యాలకు ఇలా చేశాక వేలకు వేలు ఇలా చెయ్యడం ఎంత నరకమో నీకే అర్థమవుతుంది. అప్పుడు హెక్స్ ఎడిటర్ మూసెయ్.

అసలు పని ప్రెట్ బృందం తయారుచేసిన పోక్‌ఫైర్‌రెడ్ మీద చెయ్యాలి. ఆట కోడ్‌ని వాళ్ళు మనిషి చదవగలిగే సీ భాషలోకి తిరగరాశారు. దాన్ని బిల్డ్ చేస్తే, అంటే మళ్ళీ ఆట ఫైల్‌గా మారిస్తే, అసలు ఆటతో బైటుకి బైటు సరిపోయే ఫైల్ వస్తుంది. ప్యాలెట్ టౌన్ మాటలు కొన్ని ఫైళ్ళలో, ఫాంట్ ఒక పీఎన్‌జీ బొమ్మలో, అక్షరాల పట్టిక చార్‌మ్యాప్ అనే ఇంకో ఫైల్లో ఉంటాయి. వాక్యం ఎంత పెరిగినా పాయింటర్లు వాటంతటవే సర్దుకుంటాయి. విండోస్‌లో అయితే డబ్ల్యూఎస్‌ఎల్ (విండోస్ లోపల లినక్స్ నడిపేది) పెట్టుకో, ఏజీబీసీసీ అనే పాత కంపైలర్ కూడా కావాలి. ఏమీ మార్చకుండా ఒకసారి బిల్డ్ చేసి, సరిపోయింది అన్నాకే మొదటి మార్పు చెయ్యి. గిట్ వాడటం నీకు వచ్చు కాబట్టి దాని గురించి చెప్పను.

ఇక తెలుగు అక్షరాలు. అసలు తలనొప్పి ఇక్కడే ఉంది. నీ ఫోన్లో 'క్షే' అని కొడితే యూనికోడ్‌లో నాలుగు కోడ్‌లు నిలబడతాయి: క, పొల్లు, ష, ఏత్వం. వాటిని కలిపి ఒక్క అక్షరంగా గీసే ఇంజిన్ ఫోన్లో ఉంది. గేమ్‌బాయ్‌లో లేదు. దాన్ని అందులో రాద్దామని మాత్రం మొదలుపెట్టకు. పాత లెటర్‌ప్రెస్సుల్లో కంపోజిటర్ గుణింతం, ఒత్తు కలిసిన దిమ్మల్ని గళ్ళలోంచి ఏరి పేర్చినట్టు, తయారైన అక్షరాల్ని ముందే గీసి పెట్టుకుని నంబర్లతో పిలవాలి.

హల్లులు ముప్ఫయ్యారు, గుణింతాలు వేస్తే నాలుగు వందలు దాటుతాయి, ఒత్తులు కలిస్తే ఇక అంతే లేదు. ఆట వాడే పట్టికలో ఒక బైటుకి 256 విలువలే, అందులోనూ కొన్ని కంట్రోల్ కోడ్‌లకు పోతాయి. కాబట్టి పనిని తిరగేసి చెయ్యి. ముందు ప్యాలెట్ టౌన్ తెలుగు మాటలన్నీ రాసెయ్. ఒక చిన్న పైథాన్ ప్రోగ్రామ్‌తో ఆ మాటల్లో ఎన్ని వేరు వేరు అక్షరాలున్నాయో తీయించు. అవి మాత్రమే గియ్యి. ఖఘఙలు, అరుదైన సంయుక్తాలు అవసరమైన రోజు చేర్చుకోవచ్చు. 'ఉద్ఘాటన' రాయాల్సిన చోట 'మొదలు' అని రాస్తే ఒక బొమ్మ తగ్గుతుంది, వాక్యమూ బాగుపడుతుంది.

ఒక బైటు చాలదు కాబట్టి వాడకంలో లేని ఒక విలువని ముందు బైటుగా పెట్టుకుని, దాని తర్వాతి బైటుతో అక్షరం నంబరు చెప్పు. ఎఫ్‌తో మొదలయ్యే చివరి విలువల జోలికి మాత్రం వెళ్ళకు. కొత్త వరుస, కొత్త పేరా, ఆటగాడి పేరు, వాక్యం ముగింపు అన్నీ అక్కడే ఉన్నాయి. చార్‌మ్యాప్ ఒక్కో యూనికోడ్ కోడ్‌నే చూస్తుంది, మన అక్షరాన్ని గుర్తుపట్టదు. అందుకే నువ్వు మామూలు తెలుగులో రాసింది బిల్డ్‌కి ముందు నంబర్లుగా మార్చే పనిని కూడా ఆ పైథాన్ ప్రోగ్రామ్‌కే అప్పజెప్పు. అక్షరం గీసే సీ ఫంక్షన్‌లో ముందు బైటు కనిపిస్తే రెండో ఫాంట్ షీటుకి వెళ్ళమని నాలుగు లైన్లు చేరిస్తే సరిపోతుంది.

గియ్యడం గురించి కాస్త వివరంగా చెప్పాలి. స్క్రీన్ 240 అడ్డం, 160 నిలువు. కింద మాటల పెట్టెలో రెండు వరుసలు, ఒక్కో వరుసకు దక్కేది 16 పిక్సెళ్ళ ఎత్తు. ఆ పదహారులోనే పైన గుడి, ఏత్వం, మధ్యలో అక్షరం, కింద ఒత్తు పట్టాలి. నేనైతే పైకి నాలుగు, మధ్యకి ఏడు, కిందికి ఐదు ఇస్తాను. కంప్యూటర్ ఫాంట్‌ని చిన్నది చేసి అతికిద్దామని చూడకు, అంత చిన్న సైజులో అది మసి మరకలా వస్తుంది. చేత్తో చుక్క చుక్క పెట్టాలి. ద, ధ, థ మూడింటికీ తేడా ఒక్క పిక్సెల్ మీద ఉంటుంది. ప, ఫ కూడా అంతే. వ, మ పక్కపక్కన పెట్టి, ఆట తెలియనివాళ్ళతో చదివించు. వాళ్ళు తడుముకుంటే మళ్ళీ గియ్యి. తలకట్టు ప్రతి అక్షరంలో ఒకే ఎత్తులో ఉండాలి, లేకపోతే వరుస తాగి నడిచినట్టు ఉంటుంది.

ఇంకో మాట. ఫైర్‌రెడ్‌లో ప్రతి అక్షరానికి కుడివైపున, కింద లేత రంగు నీడ ఉంటుంది. ఇంగ్లిష్ అక్షరాలకు అది అందం. తెలుగులో ఆ నీడ 'ధ' లోపలి చీలికను పూడ్చేస్తుంది, సున్నా చుట్ట నిండిపోతుంది. తెలుగు షీటులో నీడ తీసెయ్.

సగటున అక్షరానికి 12 పిక్సెళ్ళ వెడల్పు అనుకుంటే, పెట్టె అంచులు పోను వరుసకు పదిహేడు అక్షరాలు పడతాయి. చిన్న వాక్యాలు రాయడం తప్పదు. పేర్లకి ఈ బాధ లేదు. ఇంగ్లిష్‌లో పది అక్షరాలు తినే చార్మాండర్ అనే పోకెమాన్ పేరు మనకు నాలుగైదు బొమ్మల్లో అయిపోతుంది. పోకెమాన్ల పేర్లు అనువదించొద్దు, పిల్లలందరికీ పికాచు పికాచే. దెబ్బల పేర్లు మాత్రం తెలుగు చెయ్యి. చార్మాండర్‌కి మొదట ఉండేవి రెండు, స్క్రాచ్, గ్రౌల్. వాటికి 'గీరుడు', 'గుర్రు' అని పెడితే ఆడేవాళ్ళు నవ్వుకుంటారు.

వాక్యాల్లో అసలు మెలిక ఆటగాడి పేరు దగ్గర వస్తుంది. ఆ పేరు ఆడేవాళ్ళు పెట్టుకునేది, నీకు ముందు తెలియదు. రవికి, సీతకు అని విభక్తి పేరునిబట్టి మారుతుంది కదా. పుస్తక భాష వదిలేసి అందరూ మాట్లాడే 'కి', 'ని' ఖాయం చేసుకో. రవికి, సీతకి, రాముకి, ఏదైనా చెవికి ఇబ్బంది ఉండదు. ఇంకా మేలు, పేరుని పిలుపుగా మాత్రమే వాడి కామా పెట్టెయ్. అబ్బాయి, అమ్మాయి సంగతీ అంతే. ఆట మొదట్లోనే ఓక్ ఆ ప్రశ్న అడుగుతాడు కాబట్టి 'వచ్చాడు' అని రాస్తే సగం మందికి తప్పవుతుంది. ఎదురుగా మాట్లాడేవాళ్ళ చేత 'వచ్చావా' అనిపిస్తే గొడవే లేదు. పోరులో 'చార్మాండర్ గీరుడు వాడింది' అనొచ్చు, పోకెమాన్లన్నిటికీ 'ది' నప్పుతుంది. ఎవరు ఎవర్ని 'నువ్వు' అంటారో, ఎవర్ని 'మీరు' అంటారో ఒక కాగితం మీద ముందే రాసుకో. ఓక్ నిన్ను నువ్వు అంటాడు, నువ్వు ఆయన్ని మీరు అంటావు. ప్రత్యర్థి మాత్రం ఎప్పుడూ 'ఒరేయ్' టైపే, కానీ ఎదుట అమ్మాయి ఉన్నా అదే వాక్యం వస్తుంది కాబట్టి 'ఏయ్' దగ్గర ఆపు. పేరు పెట్టుకునే తెరలో తెలుగు కీబోర్డు పెడదామని అడిగావు. ఇప్పుడు వద్దు. అక్కడ ఇంగ్లిష్ అక్షరాలు ఉండనీ.

పరీక్షించేటప్పుడు ఎమ్యులేటర్ దాచిన పాత సేవ్ స్టేట్ లోడ్ చెయ్యకు. అందులో పాత మెమరీ, పాత అడ్రసులు అలాగే ఉంటాయి, లేని తప్పులు కనిపిస్తాయి, ఉన్నవి దాక్కుంటాయి. ఆటలోని సేవ్ వాడి, ప్రతి బిల్డ్‌కీ ఆటని ఆపి మళ్ళీ తెరువు. ఎంజీబీఏలో టైల్ వ్యూయర్ తెరిచి పెట్టుకుంటే నీ అక్షరాలు వీడియో మెమరీలోకి ఎలా వస్తున్నాయో కళ్ళముందే ఉంటుంది. చివర్లో ఒకసారి ఫ్లాష్‌కార్ట్‌లో (మన ఫైళ్ళు ఎక్కించుకునే కాట్రిడ్జ్) వేసి అసలు మెషీన్ మీద చూడు. మానిటర్ మీద స్పష్టంగా ఉన్న ఒత్తు ఆ చిన్న తెరమీద కనిపించకపోవచ్చు.

ఇక పంచుకోవడం. ఆట ఫైల్ ఎవరికీ ఇవ్వొద్దు, స్నేహితులకైనా సరే. మన కాపీరైట్ చట్టం 52వ సెక్షన్‌లో, సొంతంగా కొన్న ప్రోగ్రామ్‌కి బ్యాకప్ తీసుకోవడానికి చోటుంది, ఊళ్ళో పంచిపెట్టడానికి లేదు. గేమ్‌బాయ్ అడ్వాన్స్ కాట్రిడ్జ్‌కి కాపీని అడ్డుకునే తాళమేమీ లేదు కాబట్టి తీసుకోవడం సులువు. 3డీఎస్, స్విచ్ లాంటి తర్వాతి మెషీన్లకు తాళాలున్నాయి. 2012 సవరణతో వచ్చిన 65ఏ సెక్షన్ ఆ తాళాలు పగలగొట్టడం గురించే, అటు పోకు. నువ్వు ఇవ్వాల్సింది ప్యాచ్ మాత్రమే, అంటే అసలుదానికీ నీదానికీ ఉన్న తేడా. మదర్ 3 అనే జపాన్ ఆటకి అభిమానులు 2008లో ఇంగ్లిష్ అనువాదాన్ని ఇచ్చింది ఇలాగే. ఐపీఎస్ ఫార్మాట్ వద్దు, అది 16 మెగాబైట్లు దాటి చూడలేదు, ఫైర్‌రెడ్ సరిగ్గా అంతే ఉంటుంది, నీది పెరిగితే తెగిపోతుంది. బీపీఎస్ వాడు. తప్పు వెర్షన్ మీద వెయ్యబోతే అదే చెప్తుంది, నీకు వచ్చే ఫిర్యాదులు సగం తగ్గుతాయి.

అయినా ఈ మెషీన్ల కంపెనీ నింటెండో కళ్ళు మూసుకుంటుందని చెప్పను. 2016 డిసెంబర్‌లో పోకెమాన్ ప్రిజమ్ అనే అభిమానుల ఆట విడుదలకు కొన్ని రోజుల ముందు లాయర్ల నోటీసుతో ఆగిపోయింది, ఏళ్ళ తరబడి చేసిన పని. కాబట్టి డబ్బులు అడగకు, విరాళాల లింకు కూడా పెట్టకు, పూర్తికాకముందే ట్రైలర్లు వదిలి హడావిడి చెయ్యకు. ఈ టెన్షనే వద్దనిపిస్తే ఇంకో దారి ఉంది. గేమ్‌బాయ్ అడ్వాన్స్ ఆటలు రాసే బుటానో లైబ్రరీతో, లేదా ఇంకా తేలిగ్గా పాత గేమ్‌బాయ్ ఆటలు తయారుచేసే జీబీ స్టూడియోతో నీ సొంత చిన్న ఆట చేసుకో. అప్పుడు ఈ తెలుగు ఫాంట్ పూర్తిగా నీది, ఎవరికైనా ఇవ్వొచ్చు. నిజానికి నాకు నీ ఫాంట్ మీదే ఎక్కువ ఆశ ఉంది.

ప్యాలెట్ టౌన్ మాటలు తెలుగులో రాయడం అయ్యాక ఆ ఫైల్, అక్షరాల జాబితా నాకు మెయిల్ చెయ్యి. ఫాంట్ గియ్యడం మొదలుపెట్టకముందే పంపు. ఏ సంయుక్తాక్షరాలు తప్పించొచ్చో ఇద్దరం కూర్చుని చూద్దాం. అమ్మకి అడిగానని చెప్పు.

నీ మామయ్య