30 పరుగులకే అంత హడావుడి ఎందుకు?

ప్రశ్న: అక్కా, నేను ఈ మధ్యనే టెక్సస్‌లోని ఇర్వింగ్‌లో ఉద్యోగంలో చేరాను. మా టీమ్ వాళ్ళు శనివారం దగ్గర్లోని ఆర్లింగ్టన్‌లో బేస్‌బాల్ ఆటకు రమ్మంటున్నారు. నాకు ఆ ఆట ఓనమాలు కూడా తెలియవు. మొన్న లంచ్‌లో ఏదో పాత 30-3 ఆట గురించి అందరూ తెగ మాట్లాడుకున్నారు. 30 పరుగులకే అంత హడావుడి ఎందుకో అర్థం కాలేదు. రూంలో పడుకుంటే ఆ డబ్బులు మిగులుతాయి కదా అనిపిస్తోంది. వెళ్ళాలా, మానాలా?

జవాబు: వెళ్ళు తమ్ముడూ. ఇందులో ఆలోచించడానికి ఏమీ లేదు. రూంలో పడుకుంటే ఎంత మిగులుతుందో నాకు తెలుసు. అలా పడుకున్న వీకెండ్లు వరసగా గడిస్తే మనిషి ఎలా అయిపోతాడో కూడా తెలుసు. నువ్వు 30-3 అన్నావు చూడు, ఈ దేశంలో నేను ఒంటరిదాన్ని అయిపోవడం ఆ ఆటతోనే మొదలైంది. అందుకే కాస్త వివరంగా చెబుతాను.

2007 వేసవిలో నేను ఇదే ఇర్వింగ్‌లో దిగాను. టీమ్‌లో తెలుగువాళ్ళు కాదు కదా, మన దేశం వాళ్ళే ఎవరూ లేరు. ఆగస్టు 22న టెక్సస్ రేంజర్స్ జట్టు బాల్టిమోర్ వెళ్ళి అక్కడి ఓరియోల్స్‌ని 30-3తో ఓడించింది. మర్నాడు పొద్దున కాఫీ మెషీన్ దగ్గర మా వాళ్ళంతా పేపరు పరుచుకుని నిలబడ్డారు. ఎప్పుడూ పలకరించని ఒకాయన నన్ను చూసి, "రాత్రి స్కోరు చూశావా?" అని నవ్వుతూ పేపరు నా వైపు తిప్పాడు. నేను ఏమన్నానో తెలుసా? "30 పరుగులేనా? మా క్రికెట్‌లో మొన్న మార్చిలో ఒక్క ఓవర్లోనే 36 కొట్టారు" అన్నాను. వెస్టిండీస్‌లో జరిగిన ప్రపంచకప్‌లో హెర్షెల్ గిబ్స్ ఆరు బంతులకు ఆరు సిక్సర్లు కొట్టాడు కదా, అది నా మనసులో ఉంది.

ఎవరూ ఏమీ అనలేదు. అవునా అన్నట్టు తలూపారు, పేపరు మడిచారు, ఎవరి సీట్లకు వాళ్ళు వెళ్ళిపోయారు. ఇక్కడివాళ్ళ పద్ధతి నీకింకా తెలియదు కాబట్టి చెబుతున్నాను. మన దగ్గరైతే ఎదురు మాట అంటారు, వాదిస్తారు, సాయంత్రానికి కలిసి టీ తాగుతారు. వీళ్ళు గొడవ పడరు, పిలవడం మానేస్తారు. ఆ తర్వాత లంచ్‌కి నన్ను ఎవరూ పిలవలేదు. డబ్బా తెచ్చుకుని డెస్క్ దగ్గరే తినేదాన్ని. రాత్రి కాలింగ్ కార్డు గీకి ఇంటికి ఫోన్ చేస్తే అమ్మ, "తోడు ఎవరైనా ఉన్నారా అమ్మా?" అని అడిగేది. "చాలామంది ఉన్నారమ్మా" అనేదాన్ని. మీకిప్పుడు వాట్సాప్ ఉంది, వీడియో కాల్ ఉంది. ఫోన్ పెట్టేశాక గది ఎలా ఉంటుందన్నది మాత్రం అప్పటికీ ఇప్పటికీ ఒకటే.

నేను అన్న మాటలో తప్పేమిటో తెలియడానికి చాలా కాలం పట్టింది. ఈ ఆటలో ఒక జట్టు సగటున ఆటకు నాలుగైదు పరుగులు చేస్తుంది. అంటే 30 పరుగులంటే ఆరేడు ఆటల్లో వచ్చేవి ఒక్క ఆటలో వచ్చాయన్నమాట. అంతకుముందు ఒక జట్టు 30 దాటింది 1897లో. చికాగో జట్టు లూయివిల్ మీద 36-7తో గెలిచింది. ఆ తర్వాత నూట పదేళ్ళకు మళ్ళీ అలాంటి స్కోరు పడింది. అదీ ఎవరు చేశారు? ఆ ఏడాది తమ డివిజన్‌లో, అంటే తమ గ్రూపులో, ఆఖరి స్థానంలో నిలిచిన జట్టు. సీజన్ అంతా ఓడిపోతూ వచ్చిన ఊరికి దొరికిన ఒకే ఒక్క సంతోషం అది. దాన్ని పట్టుకుని "ఇంతేనా" అన్నాను నేను. నువ్వు మాత్రం అనకు.

ఆ ఆట ఎలా సాగిందో తెలిస్తే నీకే ముచ్చటేస్తుంది. ఈ ఆటలో తొమ్మిది ఇన్నింగ్స్ ఉంటాయి, ఒక్కో దానిలో రెండు జట్లూ ఒక్కోసారి బ్యాటింగ్ చేస్తాయి. మూడు ఇన్నింగ్స్ అయ్యేసరికి ఓరియోల్స్‌దే 3-0తో పైచేయి. నాలుగో ఇన్నింగ్స్‌లో రేంజర్స్ 5 పరుగులు చేసింది. ఆరులో 9, ఎనిమిదిలో 10, తొమ్మిదిలో 6. మిగతా ఐదు ఇన్నింగ్స్‌లో సున్నా. ముప్పైకి ముప్పై నాలుగు ఇన్నింగ్స్‌లోనే వచ్చాయి. బ్యాటింగ్ వరసలో అందరికంటే కింద, ఎనిమిది, తొమ్మిది స్థానాల్లో ఆడిన జారడ్ సాల్టలమాకియా, రమోన్ వాస్క్వెజ్ తమ బ్యాటింగ్‌తో జట్టుకు చెరి ఏడు పరుగులు రాబట్టారు. ఇంకో వింత ఉంది. 27 పరుగుల తేడాతో గెలిచిన ఆటలో వెస్ లిటిల్టన్ అనే పిచర్‌కు, అంటే మన బౌలర్ లాంటివాడికి, సేవ్ దక్కింది. సేవ్ అంటే గెలుపును చివరిదాకా కాపాడినవాడికి ఇచ్చే లెక్క. ఆఖరి మూడు ఇన్నింగ్స్ సరిగ్గా వేసి ఆట ముగిస్తే తేడా ఎంతున్నా అది వస్తుంది. మీ లంచ్‌లో దీని మీద మాట వచ్చే ఉంటుంది, రాకపోతే ఈసారి నువ్వే తీసుకురా. అదే రోజు రెండో ఆట కూడా ఉంది, అదీ రేంజర్సే 9-7తో గెలిచింది.

ఇవన్నీ నాకు ఎలా తెలిశాయంటావా? మరుసటి ఏడాది సీజన్ మొదలయ్యాక, రిటైర్మెంట్‌కు దగ్గర పడ్డ ఒక పెద్దాయన తన దగ్గర ఒక టికెట్ మిగిలిందని నన్ను ఆర్లింగ్టన్ తీసుకెళ్ళారు. అప్పటి స్టేడియానికి పైకప్పు లేదు. బెజవాడ ఎండలు చూసినదాన్ని కాబట్టి తట్టుకున్నాను. ఆయన జేబులోంచి పెన్సిలు, అట్టకు క్లిప్పు పెట్టిన ఒక కాగితం తీశారు. స్కోర్ కార్డు. ఒక్కో ఆటగాడికి ఒక అడ్డు వరస, ఒక్కో ఇన్నింగ్స్‌కు ఒక నిలువు వరస, ప్రతి గడిలో చిన్న డైమండ్ బొమ్మ, అంటే బ్యాటర్ చుట్టి రావలసిన నాలుగు బేసుల ఆకారం. బ్యాటర్ ఫస్ట్ బేస్‌కు చేరితే ఒక గీత, సెకండ్‌కు వెళితే ఇంకో గీత, తిరిగి బ్యాటింగ్ చేసిన చోటికి, అంటే హోమ్‌కు, చేరితే ఒక పరుగు, ఆ డైమండ్ మొత్తం పెన్సిలుతో నింపేస్తారు. ఫీల్డర్లకు ఒకటి నుంచి తొమ్మిది దాకా అంకెలు. పిచర్ 1, క్యాచర్ 2, అలా. షార్ట్‌స్టాప్ 6, సెకండ్ బేస్ 4, ఫస్ట్ బేస్ 3. అందుకే 6-4-3 అని రాస్తే బంతి ఎవరి చేతి నుంచి ఎవరి చేతికి వెళ్ళి ఇద్దరు అవుటయ్యారో తెలిసిపోతుంది. లెక్కల పిల్లలం మనం, ఇది గంటలో పట్టేశాను.

నాకు ఆసక్తి ఉందని గమనించి, తర్వాతి వారం ఆయన ఆఫీసుకు ఒక ఫైలు తెచ్చారు. అందులో 30-3 ఆటకు టీవీ ముందు కూర్చుని రాసుకున్న కార్డు ఉంది. తొమ్మిది మందీ బ్యాటింగ్ చేశాక కూడా ముగ్గురు అవుట్ కాకపోతే మొదటివాడు మళ్ళీ వస్తాడు కదా, ఆరో ఇన్నింగ్స్‌కు ఇచ్చిన గడులు చాలక ఏడో దానిలోకి వెళ్ళిపోయింది. ఆయన పైన ఉన్న 7 అంకె కొట్టేసి 6 అని రాశారు. అక్కడి నుంచి అన్ని అంకెలూ కొట్టివేతలే. ఎనిమిదిలో మళ్ళీ అదే అవస్థ. నింపిన డైమండ్లతో కాగితం కుడి సగం నల్లబడిపోయింది. చివర అంచున చోటు లేక అంకెలు నిలువుగా ఇరికించారు. ఆ కాగితం చూశాకే అది ఎంత పెద్ద స్కోరో నాకు తలకెక్కింది. ఆ రోజు కాఫీ మెషీన్ దగ్గర నేనన్న మాటకు ఆయనకు క్షమాపణ చెప్పాను. ఆ మధ్యాహ్నమే లంచ్‌కి రమ్మన్నారు.

క్రికెట్ అలవాటుతో చూస్తే నీకు ఒక ముఖ్య విషయం తప్పిపోతుంది. ఇక్కడ ఓవర్ల పరిమితి లేదు. ముగ్గురు అవుటయ్యేదాకా ఇన్నింగ్స్ ముగియదు, అది ఎంతసేపైనా కావచ్చు. రేంజర్స్ లాంటి జట్లు ఆడే పెద్ద లీగ్, మేజర్ లీగ్‌లో తేడా ఎక్కువైందని ఆట ఆపేసే రూలు కూడా లేదు. పైగా ఒకసారి బయటికి వెళ్ళిన పిచర్ మళ్ళీ ఆ ఆటలో రాకూడదు. రేపటి ఆటకు కూడా పిచర్లు మిగలాలి కాబట్టి, ఓడిపోతున్న కోచ్ దెబ్బలు తింటున్న పిచర్‌నే ఉంచేస్తాడు. అక్కడే స్కోరు చేయి దాటుతుంది. మిగతా రూల్స్ లీగ్ వెబ్‌సైట్‌లో ఉన్నాయి, చదువుకో.

ఊరు, గాలి కూడా ఆడతాయి. డెన్వర్ సముద్రమట్టానికి మైలు ఎత్తున ఉంది, అక్కడ గాలి పలచన, బంతి ఎక్కువ దూరం పోతుంది. బంతి అంత దూరం పోకుండా 2002 నుంచి బంతుల్ని తేమ ఉండే గదిలో పెట్టి వాడుతున్నా, 2023 జూన్‌లో ఏంజల్స్ జట్టు అక్కడి జట్టు రాకీస్‌ని 25-1తో ఓడించింది. ఒక్క మూడో ఇన్నింగ్స్‌లోనే 13 పరుగులు. చికాగోలో రిగ్లీ ఫీల్డ్‌లో గాలి బయటికి వీచిన రోజు ఏ స్కోరూ నమ్మడానికి లేదు. 1979 మే 17న ఫిలడెల్ఫియా 21-9తో ముందుంది. చికాగో కబ్స్ వెంటబడి 22-22 చేసింది. స్కోరు సమం కావడంతో అదనంగా ఆడిన పదో ఇన్నింగ్స్‌లో మైక్ ష్మిట్ హోమ్ రన్, అంటే మన సిక్సర్ లాంటిది, కొడితే ఫిలడెల్ఫియా 23-22తో గట్టెక్కింది. రెండు జట్లవీ కలిపితే అత్యధిక స్కోరు కూడా ఆ మైదానంలోదే, ఆ రెండు జట్లదే. 1922 ఆగస్టు 25న కబ్స్ 26, ఫిలడెల్ఫియా 23. మొత్తం 49 పరుగులు. నాలుగు ఇన్నింగ్స్ అయ్యేసరికి కబ్స్ 25-6తో ఉంది. ఫిలడెల్ఫియా చివరి రెండు ఇన్నింగ్స్‌లో 14 పరుగులు చేసి, మూడు బేసుల మీదా మనుషులుండగా ఓడిపోయింది. నాలుగో ఇన్నింగ్స్‌కే ఇంటికి వెళ్ళినవాడు ఏం చూసినట్టు? చికాగో వైపు ఉన్న మన పిల్లలకు కారు లేకపోయినా పర్వాలేదు, రెడ్ లైన్ రైలెక్కి ఆడిసన్ స్టేషన్‌లో దిగితే రిగ్లీ ఎదురుగానే ఉంటుంది.

ఇంకొకటి నా మనసులో ఉండిపోయింది. 2020 సెప్టెంబరులో అట్లాంటా బ్రేవ్స్ మయామి మీద 29-9తో గెలిచింది. మేజర్ లీగ్‌లోని రెండు లీగ్‌లలో ఒకటైన నేషనల్ లీగ్‌లో 1900 తర్వాత అంత స్కోరు ఎవరూ చేయలేదు. ఆడమ్ డువాల్ మూడు హోమ్ రన్లు కొట్టి తొమ్మిది పరుగులు రాబట్టాడు. కోవిడ్ వల్ల స్టేడియంలో ఒక్క ప్రేక్షకుడు లేడు. టీవీలో చూస్తూ ఆ ఖాళీ కుర్చీలకు నాకు ఏడుపొచ్చింది. అంత గొప్ప రోజున పక్కవాడి భుజం తట్టడానికి మనిషి లేడు.

క్రికెట్ ఉంది కదా అక్కా అంటావు. ఉంది. గ్రాండ్ ప్రెయిరీలో ఒకప్పటి బేస్‌బాల్ స్టేడియాన్నే క్రికెట్‌కు మార్చారు, 2023 నుంచి మేజర్ లీగ్ క్రికెట్ అక్కడ ఆడుతున్నారు. నేనూ వెళ్తాను, నోరారా తెలుగులో అరుస్తాను. కానీ అక్కడ కలిసేది మనవాళ్ళే. ఆఫీసులో నీ పక్క సీటువాడు కలిసేది ఆర్లింగ్టన్‌లో. ఇప్పుడు మా వీధిలో పిల్లలు స్కోర్ కార్డు నింపడం నా దగ్గరే నేర్చుకుంటారు. టెక్సస్‌లో పుట్టినవాళ్ళు కూడా సందేహం వస్తే నన్నే అడుగుతారు. ఎవరూ చెప్పేవాళ్ళు లేకుండా మొదలుపెట్టి ఇక్కడిదాకా వచ్చాను. మీకు అన్నీ చెప్పేవాళ్ళున్నారు, బద్ధకించకండి.

ఖర్చు గురించి భయమైతే ముందు ఫ్రిస్కోలో రఫ్‌రైడర్స్ ఆటకు వెళ్ళు. రేంజర్స్ కుర్రాళ్ళు పైకి రాకముందు ఆడే జట్టు అది. పెళ్ళై పిల్లలతో వచ్చినవాళ్ళకు నేను చెప్పేదీ అదే.

శనివారం సంగతి. రేంజర్స్ ఇప్పటి స్టేడియం గ్లోబ్ లైఫ్ ఫీల్డ్‌కు పైకప్పు, ఏసీ ఉన్నాయి, ఎండ బాధ లేదు. కారు లేకుండా ఆర్లింగ్టన్ వెళ్ళడం కష్టం. కాబట్టి టీమ్‌లో ఎవరి కారులోనైనా వస్తానని అడుగు, మొహమాటపడకు, దారిలోనే సగం స్నేహం అవుతుంది. బ్యాగు ఏ సైజు ఉండాలో స్టేడియం సైట్‌లో చూసుకో. మాంసం తినకపోతే నాచోస్, వేయించిన పల్లీలు దొరుకుతాయి. 2023లో పిచ్ క్లాక్ (పిచర్ ఇంత సమయంలో బంతి వేయాలని చెప్పే గడియారం) వచ్చాక మామూలు ఆట రెండున్నర, మూడు గంటల్లో అయిపోతోంది. ఏడో ఇన్నింగ్స్ మధ్యలో అందరూ లేచి పాడతారు, నువ్వూ లే.

మర్యాద ఒకటి గుర్తుంచుకో. తేడా చాలా ఉన్నప్పుడు అవతలి జట్టును ఇంకా చితక్కొట్టడం ఇక్కడ చాలామందికి నచ్చదు. 2020 ఆగస్టులో ఇదే ఆర్లింగ్టన్‌లో శాన్ డియాగో 10-3తో ముందుండగా ఫెర్నాండో టాటిస్ గ్రాండ్ స్లామ్ (మూడు బేసుల మీదా మనుషులుండగా హోమ్ రన్) కొడితే రేంజర్స్ వాళ్ళకు కోపం వచ్చి పెద్ద రచ్చయింది. నా ఉద్దేశంలో కుర్రాడు చేసింది తప్పు కాదు. కానీ అది నువ్వు రెండో ఆటకు వెళ్ళినప్పుడు అందువుగాని.

స్కోరు ఎంత ఏకపక్షమైనా లేచి రావద్దు. ఎనిమిది, అంతకంటే ఎక్కువ పరుగులు వెనకబడ్డ జట్టు ఒక్కోసారి పిచర్లను దాచుకుని, మామూలు ఫీల్డర్ చేత బంతి వేయిస్తుంది. అప్పుడు స్టేడియమంతా నవ్వుల్లో పడుతుంది, పక్కవాళ్ళు ఫోన్లు పక్కన పెట్టి కబుర్లకు దిగుతారు. నీ పక్కన స్కోర్ కార్డు రాసుకునే ముసలాయనో, ముసలావిడో ఉంటే పెన్సిలు ఎలా పట్టాలో అడుగు. సోమవారం లంచ్‌కి డబ్బా పట్టుకుని వాళ్ళ టేబుల్ దగ్గరికే వెళ్ళి కూర్చో, ఎవరైనా పిలిచేదాకా ఆగకు.